కొంగు నేయని పాటలు

పోయిన నెలలో ఒక సాయంత్రం మా వాకిట్లో కుర్చీ వేసుకుని కూర్చుని, ఎదురింటివాళ్లు ట్యాంకు నిండిందో లేదో చూసుకోకుండా మోటారు వదిలేస్తే నీళ్లు వీధి వెంట పారుతుంటే, వాళ్లను తిట్టాలా, చెప్పాలా అని ఆలోచిస్తూ ఉన్నాను. అప్పుడే ఒకే మోటారుసైకిల్ మీద ముగ్గురు పిల్లలు వచ్చి నా ముందు ఆగారు. ఒకడి చెవికి పోగు, ఇంకొకడి తలమీద ఎండ పోయాక కూడా టోపీ. ఆదోని నుంచి వచ్చామన్నారు. మాదొక జట్టు, రాప్ పాడతాం, మా మొదటి ఆల్బం తయారవుతోంది, అందులో మీ పాత పాట ఒకటి వాడుకుంటాం, రచయితగా మీ అనుమతి కావాలి అని ఎంతో మర్యాదగా అడిగారు. రాప్ అంటే ఏమిటో నాకు బొత్తిగా తెలియదని కాదు, మా మనవడి ఫోన్లో విన్నాను, తాళం మీద మాటలను పరిగెత్తించడమే కదా, ఆ మాటకొస్తే మేము చేసిందీ అదే. నా ఒళ్లు చల్లబడింది మాత్రం రాప్ వల్ల కాదు, రచయిత అన్న మాట వల్ల.

ఆ చెవిపోగు పిల్లవాడు ఫోన్ తీసి పాట పెట్టాడు. పాతికేళ్ల వయసులో నా గొంతు, ఎంత పొగరుగా ఉందో అప్పటి నా గొంతు, దాని వెనక మా జట్టు, అందరి వెనక తాషా దరువు. పాట చివరికి వచ్చేసరికి ముగియకుండా అలా అలా తగ్గిపోయి, దూరం పోతున్న బస్సు శబ్దంలాగా మాయమైంది. ఆ తగ్గిపోవడం తమకు చాలా నచ్చిందని మిగతా ఇద్దరూ అన్నారు. ఆ పిల్లవాడు మాత్రం నావైపు చూసి, "మా తాత పోయేముందర సెప్పినాడు తాతా, ఈ పాటలకి కొసాన ఇంకో సరణం ఉండాదంట గదా. అది మీ కాడ్నే ఉంటాదన్నాడు. అది కావల్ల మాకు" అన్నాడు. అప్పుడు పోల్చుకున్నాను, ఆ పిల్లవాడు మా తాషా వాయించిన దూదేకుల మామ మనవడు. ముఖంలో ఆ దవడ అచ్చం ఆయనదే.

వారం రోజులు ఆగి రండి నాయనా అని పంపించేశాను. ఆ వారంలో నేను పడిన అవస్థే ఇప్పుడు ఇది రాయిస్తోంది. నలభై ఏళ్లుగా ఎవరికీ చెప్పని సంగతి, చెప్పుకుంటే తలవంపులైన సంగతి, నా వయసువాళ్లైన మీకు చెప్పుకుంటే తిట్టినా అర్థం చేసుకుని తిడతారని ఒక ఆశ.

మాది ఎమ్మిగనూరు. ఇంట్లో రెండు గుంత మగ్గాలు, ఒకదాని మీద మా నాయన, ఇంకొకదాని మీద నేను. పదో తరగతి పాసయ్యాను గనుక మా వీధిలో నాకు కొంచెం పేరు, ఎవరికైనా ఉత్తరం వస్తే నన్నే పిలిచేవాళ్లు. మా మేనత్త, అంటే మా నాయన చెల్లెలు, పెళ్లయిన నాలుగేళ్లకే భర్త పోయి మళ్లీ పుట్టింటికే వచ్చింది. పిల్లలు లేరు. రెండు మగ్గాల మధ్య, గోడవారగా, రాట్నం ముందేసుకుని పొద్దున్నుంచి పొద్దుగూకేదాకా కండెలు చుట్టేది. పడుగు మధ్య అటూ ఇటూ తిరిగే నాడెలో పెట్టే ఆ చిన్న నూలు కండెలు ఆమె చుట్టి ఇవ్వకపోతే మా రెండు మగ్గాలూ ఆడవు. ఇంటికి ఎవరైనా వస్తే ఆమెను చూసేవాళ్లు కాదు, నేసేవాళ్లనే చూసేవాళ్లు.

ఆమెకు అక్షరం ముక్క రాదు. కానీ పాట కట్టేది. ఎలా కట్టేదో నాకు ఇప్పటికీ తెలియదు. మగ్గం దెబ్బ మీద, నాడె ఇటు నుంచి అటు పోయే లోపల ఒక మాట, అటు నుంచి ఇటు వచ్చే లోపల ఇంకో మాట, రెండూ చివర్లో కలిసేట్టు పడేసేది. మేం వేగంగా నేస్తే పాట వేగంగా నడిచేది. నేను పోగు తెగి ఆపితే ఆమె కూడా నోరు ఆపి, ముడి వేసుకునేదాకా ఓపిగ్గా ఉండి, మళ్లీ అక్కడే అందుకునేది. పీర్ల పండుగకు మా వీధి జట్టు పాడే పాటలన్నీ ఆమెవే. కర్బలాలో దాహంతో అల్లాడిన పిల్లల కథ, దాని పక్కనే మా వీధి కొళాయి కాడ బిందెల వరుస. "ఆడ నీళ్లు నీళ్లు అని అల్లాడిరి పసిబిడ్డలు, ఈడ నీళ్లు నీళ్లు అని అరిగిపాయె మా బిందెలు" అని పాడితే పీర్లను నిలిపే చావిడి దగ్గర ముసలివాళ్లు కళ్లు తుడుచుకుంటూనే నవ్వేవాళ్లు. ఆమె చెబుతుంటే నేను రాసుకునేవాడిని, ఒక నల్ల అట్ట నోటుపుస్తకంలో. నా పాత్ర అంతే. రాసుకోవడం, ముందు నిలబడి పాడటం.

పీర్ల పాటలకు మా వైపు ఒక కట్టుబాటు ఉంది. ఎంత పొడుగు పాటైనా, చివరి చరణంలో పాట కట్టినవాళ్ల పేరు, ఊరి పేరు చెప్పి తీరాలి. పేరు చెప్పాకనే తాషావాడు ముక్తాయింపు వాయిస్తాడు. మెడకు తగిలించుకున్న ఆ చిన్న తాషా మీద రెండు సన్న పుల్లలతో ఒక్కసారిగా జల్లు కురిసినట్టు వాయించి ఠక్కున ఆపితే, అప్పుడు పాట అయినట్టు. పేరు చెప్పకపోతే పాట దొంగిలించినట్టేనని పెద్దవాళ్లు అనేవాళ్లు. కాబట్టి మేం ఎనిమిది మంది మగవాళ్లం ప్రతి పాట చివరా గొంతెత్తి మా మేనత్త పేరు పాడేవాళ్లం. మా వీధిలో దాన్ని ఎవరూ వింతగా అనుకోలేదు. పేరు పాడుతున్నప్పుడు ఆమె ఆడవాళ్ల మధ్య నిలబడి కొంగు నోటికి అడ్డం పెట్టుకునేది. ఏడాదిలో ఊరు ఆమెను చూసేది ఆ పండుగ పది రోజులే.

ఒక ఏడాది ఆదోని జట్టుతో మాకు పోటీ పడింది. ఒక జట్టు పాటలో ప్రశ్న వేస్తే ఇంకో జట్టు పాటలోనే జవాబు చెప్పాలి, చెప్పలేకపోతే ఓడినట్టు. మేం ఓడలేదు, ఆ సంగతి నేను గర్వంగా చెప్పుకోవచ్చు. జవాబులన్నీ మా మేనత్త ముందే కట్టి ఇచ్చినవే కదా. కానీ ఓడిపోయిన అక్కసుతో వాళ్ల ముందు పాటగాడు మీసం దువ్వుకుంటూ, ఎమ్మిగనూరులో మగోళ్లు పాట కట్టరంట, ఆడామె కట్టిచ్చింది పాడుకుంటారంట అని అప్పటికప్పుడు ఒక చరణం విసిరాడు. జనం ఈలలు వేశారు. మా జట్టులో మిగతావాళ్లు నవ్వి ఊరుకున్నారు. ముందు నిలబడినవాడిని నేను. ఆ ఈలలు నాకే తగిలాయి. తగలాల్సినంత కంటే ఎక్కువ తగిలాయని ఇప్పుడు తెలుస్తోంది, అప్పుడు తెలియలేదు.

కేసెట్ల కాలం వచ్చింది. మనవాళ్లకు గుర్తుండే ఉంటుంది, టీ అంగడికి టేపు లేకపోతే జనం పక్క అంగడికి పోయే రోజులు. ఆదోనిలో ఒక కేసెట్ల అంగడి ఆయన మేడమీద గదిని స్టూడియో చేసి, చుట్టుపక్కల జట్లతో పాటలు పాడించి కేసెట్లు వేస్తున్నాడని విని, మా పాటలు మోసుకుని వెళ్లి వినిపించి వచ్చాను. ఆరు పాటలు కావాలన్నాడు. మా దగ్గర నాలుగే మంచివి ఉన్నాయి. ఇంకో రెండు కావాలి. మేనత్తకు ఆ ఎండాకాలం ఒంట్లో బాగా లేదు, చేతికి వాపు, పాట మీదికి మనసు పోవడం లేదంది. అప్పుడు నేను ఆమె రాట్నం పక్కన కూర్చుని, "టేపు డబ్బాలో నీ పేరు పలుకుతాదత్తా, మనమంతా సచ్చిపోయినా గూడ పలుకుతానే ఉంటాది" అన్నాను. ఆమె చక్రం ఆపి నా మొహంలోకి చూసింది. "నిజ్జంగానా అబ్బయ్యా?" అంది. నిజంగానే అన్నాను. ఆ క్షణాన అబద్ధం చెప్పలేదు, అది మాత్రం నమ్మండి. వారం తిరిగేలోపల రెండు పాటలూ కట్టి ఇచ్చింది, వాచిన చేత్తో చక్రం తిప్పుకుంటూనే.

మేం బయలుదేరిన రోజు దూదేకుల మామతో కలిపి తొమ్మిది మందికీ జొన్నరొట్టెలు చేసి, చెనిక్కాయల పొడి పొట్లం కట్టి ఇచ్చింది. ఎమ్మిగనూరు బస్సులో ఆదోనిదాకా పాడుకుంటూ పోయాం. కండక్టరు విసుక్కుని, తర్వాత తనే ఇంకోటి పాడండప్పా అన్నాడు. స్టూడియో అంటే ఏమేమో ఊహించుకున్నాం. తీరా చూస్తే గోడలకు, తలుపుకు, కిటికీకి కూడా దూది పరుపులు మేకులు కొట్టి తగిలించిన ఒక గది. పత్తి ఊరు కదా, శబ్దం బయటికి పోకుండా వాళ్లకు తెలిసిన ఉపాయం అది. దూదేకుల మామ లోపలికి రాగానే పరుపులను వేలితో నొక్కి చూసి, దూది సరిగా ఏకలేదు అన్నాడు. ఆయన పని అదే, దూది ఏకి పరుపులు కుట్టడం. మా వీధిలో అందరికీ ఆయన మామే. మధ్యలో ఒకే ఒక మైకు వేలాడుతోంది, దాని చుట్టూ మేం, తాషా శబ్దం ఎక్కువని మామను మాత్రం తలుపు దగ్గర నిలబెట్టారు. ఫ్యాన్ ఆపేశారు. చెమటలు కారుతుంటే రొట్టెల మూటలు ఒక మూల పెట్టుకుని మేం గొంతులు సరిచేసుకున్నాం.

కొలిచి చూసి ఆ స్టూడియో ఆయన, కేసెట్ ఒక్కో వైపు అరగంటే, మీ పాటలు పొడుగు, పాటకొక చరణం తీసెయ్యండి అన్నాడు. ఏ చరణమో ఆయన చెప్పలేదు. ఇది నేను గట్టిగా చెప్పాలి, ఎందుకంటే ఇన్నేళ్లూ నా మనసుకు నేను చెప్పుకున్న కథలో ఆయనే చివరి చరణం తీసెయ్యమన్నాడని ఉండేది. ఆయన అనలేదు. తీసెయ్యగల చరణాలు ప్రతి పాటలోనూ రెండు మూడు ఉన్నాయి. నోటుపుస్తకం నా చేతిలో ఉంది. ఆదోని ఈలలు నా చెవిలో ఉన్నాయి. ఈ కేసెట్ ఆదోని టీ అంగళ్లలో మోగుతుంది, ఆ మీసాలాయన వింటాడు, చివర మళ్లీ ఆ పేరు వస్తే మళ్లీ నవ్వుతాడు. నేను పెన్ను తీసి ఆరు పాటల చివరి చరణాలనూ కొట్టేశాను. ఊరికే ఒక గీత గీస్తే జట్టువాళ్లు అలవాటు కొద్దీ పాడేస్తారని, అక్షరం కనబడకుండా సిరా నిండా పులిమాను.

జట్టులో ఒకరిద్దరు మొహాలు చూసుకున్నారు గానీ, చదువుకున్నవాడు చెప్పాడు గదా అని ఊరుకున్నారు. మామ ఊరుకోలేదు. తలుపు దగ్గర నుంచే, "పేరు సెప్పకుండా ముక్తాయింపు యాడ ఏస్తార్రా? నడక వాయిస్తా, ముగింపు నా సేతికి రాదు" అన్నాడు. నేను బతిమాలాను, కోప్పడ్డాను, తొమ్మిది మంది బస్సెక్కి వచ్చాం, ఇప్పుడు ఇదేం పట్టుదల అన్నాను. ఆయన చెప్పినట్టే ప్రతి పాటకూ నడక వాయించాడు, మేం పాడటం ఆపినా నడక వాయిస్తూనే ఉన్నాడు, ముగించలేదు. స్టూడియో ఆయన విసిగిపోయి, పర్వాలేదు నేను చూసుకుంటానని ఒక గుండ్రటి మీట తిప్పి శబ్దాన్ని మెల్లమెల్లగా తగ్గించేశాడు. ఆ పిల్లలకు అంతగా నచ్చిన సొగసు అక్కడ పుట్టింది.

అంతా అయ్యాక, అట్టమీద వేయాలి, రాసిందెవరప్పా అని అడిగాడు ఆయన. అప్పుడైనా చెప్పి ఉండవచ్చు. పేరు పాటలో లేకపోయినా అట్టమీద ఉండేది. నేను జవాబు చెప్పలేదు. నా చేతిలోని పుస్తకం చూసి, అందులో ఉన్న నా దస్తూరీ చూసి, నువ్వే కదా అని నా పేరు అడిగి రాసుకున్నాడు. నేను కాదనలేదు. కొందరు అబద్ధం చెప్పి దొంగలవుతారు, నేను నోరు మూసుకుని అయ్యాను.

కేసెట్ రావడానికి రెండు నెలలు పట్టింది. మేనత్త రోజూ అడిగేది. వచ్చిన రోజు పక్క వీధి నుంచి టేప్ రికార్డర్ అడిగి తెచ్చి, మగ్గాలు ఆపి, ఇంటిల్లిపాదీ కూర్చున్నాం. ఆమె తలకు నూనె రాసుకుని, ఉతికిన చీర కట్టుకుని రాట్నం దగ్గరే కూర్చుంది. మొదటి పాట మొదలవగానే ఆమె పెదాలు కూడా కదలడం మొదలుపెట్టాయి. చివరికి వచ్చేసరికి ముందుకు వంగింది. శబ్దం తగ్గింది, తగ్గింది, పోయింది. ఆమె నావైపు చూసింది, నేను టేపు వైపు చూశాను. రెండో పాట చివర మళ్లీ వంగింది. మూడో పాట చివర కూడా. కేసెట్ తిప్పి వేసే ధైర్యం నాకు లేదు, మా నాయన తిప్పి వేశాడు. ఆరో పాట దాకా ఆమె ప్రతిసారీ ముందుకు వంగి ఆగింది. మనిషికి ఆశ అంత గట్టిది.

మా నాయనకు కూడా అర్థమైంది, తల దించుకుని మగ్గం గుంతలోకి దిగిపోయాడు. ఆమె కండె చేతిలోకి తీసుకుని, నన్ను తిట్టినట్టు కూడా కాకుండా, "కొంగు నేయకుండానే మగ్గం మీదనుంచి కోసినావు గదరా అబ్బయ్యా" అంది. నేసేవాళ్లకు ఆ మాట ఎంత తగులుతుందో బయటివాళ్లకు తెలియకపోవచ్చు. చీరంతా నేసి, కొంగు ముందర కత్తెర వేసేవాడు మా వీధిలో పుట్టడు. నేను పుట్టాను.

కేసెట్ బాగా పోయింది. బస్టాండులో, మిల్లుల దగ్గర టీ అంగళ్లలో, హొళగుంద సంతలో కూడా మోగిందని చెప్పేవాళ్లు. వీధిలో నన్ను కవి అనడం మొదలుపెట్టారు. ఆదోని మీసాలాయన ఎదురుపడి భుజం తట్టాడు. దాని కోసమే కదా చేసింది, ఆ తట్టడంలోని సంతోషం రెండు రోజులు కూడా ఉండలేదు. మరుసటి పండుగకు మా జట్టువాళ్లు కూడా చావిడి దగ్గర కేసెట్‌లో ఉన్నట్టే, పేరు లేకుండా పాడారు. ఎవరూ చెప్పలేదు, అలవాటైపోయింది. టేపు ఎలా పాడితే పాట అదే అయింది. ఆ ఏడాది నుంచి మామ తాషా పట్టలేదు. మేనత్త చావిడి దగ్గరికి రాలేదు.

రెండో కేసెట్ చేద్దామని స్టూడియో ఆయన కబురు మీద కబురు పంపాడు. మేనత్త పక్కన కూర్చుని అడిగాను. రావడం లేదు నాయనా అంది, అంతే. అబద్ధమో నిజమో తెలియదు, మగ్గం దెబ్బకు ఆమె పెదాలు కదలడం మాత్రం నేను మళ్లీ చూడలేదు. నేనే రాయబోయాను. మాటలు వచ్చాయి, వరుసగా పేర్చాను, చదివితే రేషన్ కార్డు మీద పేర్లలాగా ఉన్నాయి. జట్టు ఏడాదిలో చెదిరిపోయింది. నా కవి అన్న పేరు మాత్రం చెదరలేదు. ఒక బడి పండుగలో నాకు శాలువా కప్పారు. ఆ శాలువా ఇంటికి తెస్తే, బాగుందిరా, అంచు మంచి పనివాడు నేసినాడు అని వేళ్లతో తడిమి చూసింది మేనత్త. ఆమె ఎత్తిపొడుపుగా అనలేదు. ఎత్తిపొడిచి ఉంటే బాగుండేదని ఎన్నోసార్లు అనుకున్నాను. ఆ తర్వాత నాలుగేళ్లకు కాబోలు, చలికాలంలో పోయింది. మట్టి చేసి వచ్చినప్పుడు చావిడి దగ్గర నలుగురు కూర్చుని ఆమె మంచితనం చెప్పుకుంటున్నారు, కండెలు ఎంత నున్నగా చుట్టేదో చెప్పుకుంటున్నారు. పాటల మాట ఒక్కరూ ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు.

ఆ పిల్లలు వెళ్లాక నల్ల అట్ట పుస్తకం పెట్టెలోంచి తీశాను. వెలుతురుకు పట్టి చూశాను, వెనకనుంచి చూశాను, మనవడి చేత ఫోన్ లైటు వేయించి చూశాను. సిరా అంత బాగా పులిమాను. పోనీ గుర్తు తెచ్చుకుందామంటే, ఆరు పాటల్లో మిగతా చరణాలన్నీ నిద్రలో లేపి అడిగినా చెప్పగలను, ఆ ఆరూ మాత్రం ఒక్క ముక్క రావు. నలభై ఏళ్లు వాటి నుంచి పారిపోతే అవి నన్నెందుకు అంటిపెట్టుకుని ఉంటాయి. జట్టులో మిగిలిన ఒక్కడి దగ్గరికి, నాకు అన్న వరసవాడు, నడవలేక నడుస్తూ పోయాను. ఆయన పాడి వినిపించాడు, చివర కేసెట్‌లో లాగే గొంతు మెల్లగా తగ్గించి ఆపేశాడు. ఇంకో చరణం ఉండేది కదన్నా అంటే, యాడుండెరా, ఇంతే గదా అన్నాడు. వారమంతా కాగితం ముందేసుకుని ఒక్క చరణం, ఒకే ఒక్క చరణం ఆమె పేరు పెట్టి కట్టాలని కూర్చున్నాను. శాలువా కప్పించుకున్న కవికి రెండు పాదాలు కలవలేదు.

చెప్పిన రోజుకు పిల్లలు వచ్చారు. ఇక్కడ రాసినదంతా వాళ్లకు చెప్పాను, ఇంత వివరంగా కాదు గానీ, తప్పించుకోకుండా చెప్పాను. మిగతా ఇద్దరూ నేల చూపులు చూశారు. మామ మనవడు మాత్రం, "అయితే ఇన్నేండ్లు ఎందుకు సెప్పలేదు తాతా?" అని అడిగాడు. తిడుతున్నట్టు లేదు, నిజంగానే తెలుసుకోవాలని అడిగాడు. ఆడదాని పాట అన్నారని సిగ్గుపడ్డాను అంటే ఈ కాలపు పిల్లలకు అర్థం కూడా కాదు. వాళ్ల జట్టులో నాలుగో గొంతు ఒక ఆడపిల్లదట, వాళ్ల ఆల్బం మీద ఆమె పేరే మొదట ఉంటుందట. కాలం అక్కడికి వచ్చింది. అప్పుడు కావలసిన ధైర్యం ఇప్పుడు నాకు అక్కరలేదు, ఇప్పటిదాకా ఆగే వీలు ఆమెకు మాత్రం లేకపోయింది.

మన రోజుల్లో పాట మనిషి నోట్లో ఉండేది, ఆ మనిషితో పోయేది, అందుకని పేరు చివర కట్టి జాగ్రత్తగా దాచుకునేవాళ్లం. ఇప్పుడు ఏదీ పోదంటారు, ఎక్కడో ఒకచోట ఉంటుందంటారు. నిజమే, నా పొగరు గొంతు ఎక్కడికీ పోలేదు, మామ ముగించని తాషా పోలేదు. పోయింది ఆ చివరి చరణం ఒక్కటే, దాన్ని పోగొట్టడానికి నేను చాలా శ్రద్ధగా పని చేశాను. లేచేముందు ఆ పిల్లవాడు ఫోన్ నా నోటి దగ్గర పెట్టి, సరణం లేకపోతే పోనీ తాతా, ఆయమ్మ పేరన్నా సెప్పండి అన్నాడు. ఉరుకుందమ్మ, ఎమ్మిగనూరు ఉరుకుందమ్మ అన్నాను. గొంతు సరిగా పలకలేదని ఇంకోసారి చెప్పించుకున్నాడు. తర్వాత సరిగా పడిందో లేదో చూద్దామని నాకే వినిపించాడు. డబ్బాలో ఆమె పేరు పలికింది. ముందుకు వంగి వినడానికి నేనొక్కడినే ఉన్నాను.